మర్జాన్ వాటా

మర్జాన్ నిద్రకు పోయినప్పుడు ఆ ఇంట్లో మేం ముగ్గురం ఉన్నాం. వాడు నిద్ర లేచేసరికి ఇద్దరమే మిగిలాం.

మర్జాన్ మా తాబేలు. ఏటా చలి ముదరగానే వంటింటి పక్కన బొగ్గుల గదిలో, ఎండుగడ్డిలోకి దూరి పడుకునేవాడు. వసంతం మొదట్లో ఒక మధ్యాహ్నం మట్టి కొట్టుకున్న మొహంతో, ఎవరూ పిలవకుండానే నడిమి వాకిట్లోకి వచ్చేవాడు. ఆ ఏడూ అలాగే వచ్చాడు. నా భర్త థామి పోయి అప్పటికి పంతొమ్మిది రోజులు. భర్త పోయిన ఆడది నాలుగు నెలల పది రోజులు తెల్లబట్టల్లో ఉండాలి. అన్నాళ్లూ గడప దాటడానికి లేదు. నేను గచ్చు మీద కూర్చుని పప్పు ఏరుకుంటున్నాను.

వాడు నన్ను దాటుకుని, గచ్చు మీద గోళ్లు టకటకలాడిస్తూ, తిన్నగా వీధి తలుపు దగ్గరికి నడిచాడు. అక్కడ థామి పసుపుపచ్చ చెప్పులు ఉన్నాయి. వాటిని కదపడానికి ఇంకా ఎవరికీ చేతులు రాలేదు. మర్జాన్ మెడ సాచి ఒక చెప్పు ముక్కు కొరికాడు. ఎప్పుడూ అలాగే చేసేవాడు. థామి చెప్పులు కుట్టేవాడు. సాయంత్రం ఇంటికి రాగానే తాబేలు పసుపు చెప్పుల వెంట పడితే, "ఈ ఊళ్లో నా పనితనం తెలిసిన గిరాకీ వీడొక్కడే" అని నవ్వేవాడు.

మేడ మీద పిట్టగోడ దగ్గర నిలబడి మా అత్తగారు లల్లా బతూల్ ఇదంతా చూసింది. పంతొమ్మిది రోజుల్లో ఆవిడ నోటి నుంచి నిండు మాట రావడం అదే మొదలు.

"వాడు నా కొడుకుని వెతుక్కుంటున్నాడే యామ్నా."

మెట్లు దిగి వచ్చి, తెల్ల రొట్టె మెత్తటి భాగం తీసి పాలలో నానబెట్టి, నీలం గిన్నెలో వాడి ముందు పెట్టింది. మర్జాన్‌ని థామి ఏడేళ్లప్పుడు కోటగోడ బయట పట్టుకున్నాడట. జలాబా అనే పొడుగు అంగీకి మెడ వెనక వేలాడే టోపీలో వేసుకుని తెచ్చాడట. అప్పటి నుంచీ వాడు ఆ ఇంట్లో మనిషే. మనిషి తినేదే వాడికీ పెట్టేది లల్లా.

నేను కాపురానికి వచ్చిన కొత్తలో ఒక్కసారి నోరు జారాను. "మా కొండ మీద తాబేళ్లు ముళ్లాకులు తింటాయి లల్లా, రొట్టె తినవు" అన్నాను.

"మీ కొండ మీద మనుషులు కూడా అవే తింటారు" అంది ఆవిడ. "ఇది ఫెజ్ నగరం అమ్మాయ్. ఈ ఇంట్లో ఎవరూ గడ్డి తినరు."

థామి పక్కనే కూర్చుని టీ తాగుతున్నాడు. ఏమీ అనలేదు. నేనూ ఆ తర్వాత పద్నాలుగేళ్లు ఆ మాట ఎత్తలేదు.

*

శుక్రవారం వచ్చింది. కుస్‌కుస్ వండాను. ఆవిరికి ఉడికిన ఆ గోధుమ రవ్వని పెద్ద పళ్లెంలో పోసి, చావిట్లో చుట్టూ కూర్చోవడం మా అలవాటు. ఎవరి వైపు వాళ్లది. ఎదురుగా ఉన్నదాన్ని తినాలి తప్ప పక్కవాళ్ల వైపు చెయ్యి పెట్టకూడదు. థామి పోయాక కూడా నా చేతులు ముగ్గురికి సరిపడా గుట్టే పోశాయి. లల్లా తన వైపు నుంచి రెండు ముద్దలు తీసి ఆపేసింది. కొడుకు పోయినప్పటి నుంచి ఆవిడ తిండి అంతే. ఎముకలు తేలిన మణికట్టు మీద గాజులు మోచేతి దాకా జారుతున్నాయి.

అప్పుడు ఆవిడ గరిటె తీసుకుంది. థామి వైపున్న కుస్‌కుస్, దాని మీద మాంసం ముక్క, గుమ్మడికాయ, అన్నీ జాగ్రత్తగా తవ్వి నీలం గిన్నెలోకి తీసింది. పైన మజ్జిగ పోసి మర్జాన్ ముందు పెట్టింది.

"తిను నాయనా. వాడి వాటా. నువ్వు తింటే వాడు తిన్నట్టే."

 

మర్జాన్ మొదటి వారం తిన్నాడు. రెండో శుక్రవారానికి మూతి పెట్టి తీసేశాడు. మూడో శుక్రవారానికి కళ్లు వాచి మూసుకుపోయాయి. వెనక కాళ్లు ఈడుస్తున్నాడు. విరేచనాలతో వాకిలంతా కంపు. గోరువెచ్చటి నీళ్లతో కడుగుదామని వాడిని ఎత్తాను. పొట్ట కింద పెంకు మీద నా బొటనవేలు ఆనింది. ఆనిన చోట పెంకు లోపలికి పోయింది, తడిసిన అట్టలాగా.

"లల్లా" అన్నాను. "ఇక్కడ నొక్కి చూడండి."

ఆవిడ నొక్కింది. వెంటనే చెయ్యి తీసేసింది, నిప్పు తగిలినట్టు.

కోటగుమ్మం దగ్గర కంచరగాడిదల సత్రానికి బుధవారం బుధవారం పశువుల డాక్టరు వస్తాడు. తాబేలుని ఎలా తీసుకువెళ్లడం? చేత పట్టుకుని బజారులో నడిస్తే పరువు ఏం కాను? చివరికి లల్లా బతూల్ రొట్టెల పలక తీసింది. రోజూ పిండి ముద్దలు పేర్చి వీధి పొయ్యికి పంపే పలక అది. దాని మీద మర్జాన్‌ని పెట్టి, పైన అల్లిక గుడ్డ కప్పి, నెత్తిన పెట్టుకుని బయలుదేరింది. తలుపు సందులోంచి చూస్తూ నిలబడ్డాను. మలుపు తిరిగిందో లేదో పొయ్యి కాల్చే బా అల్లాల్ గొంతు వినబడింది.

"ఇటివ్వండి లల్లా, పొయ్యి ఎర్రగా కాలి ఉంది!"

"ఇది కాల్చే రొట్టె కాదు, పక్కకి జరుగు."

"కదులుతోందేంటి లల్లా? పులుపు ఎక్కువైందా పిండికి?"

"నీకు నోరు ఎక్కువైంది!"

ఆవిడ తిరిగి వచ్చేసరికి మధ్యాహ్నం ప్రార్థన అయిపోయింది. పలక దింపి, తలగుడ్డ విప్పి, నా మొహం చూడకుండా చెప్పింది.

"నిన్న పుట్టిన కుర్రాడు. నాకు మనవడంటూ ఉంటే వాడి వయసు. గాడిద నోట్లో చెయ్యి పెట్టి, ఆ చేత్తోనే నా మర్జాన్‌ని పట్టుకున్నాడు. ఏం పెడతారమ్మా అన్నాడు. తెల్ల రొట్టె, పాలు, మజ్జిగ, శుక్రవారం కుస్‌కుస్, పండగకి మాంసం, అన్నాను. తలదించుకుంటాడనుకున్నాను. వాడేమో, 'అమ్మా, మీ విందే వీడి ఎముకలు తినేసింది' అన్నాడు."

ఆవిడ పలక మీది అల్లిక గుడ్డ తీసి మడిచింది.

"ఇంకా ఏమన్నాడు లల్లా?"

"పాలు ఈ జీవానికి అరగవట. రొట్టె పొట్టలో పులుస్తుందట. మాంసం అసలు వద్దట. పండు కూడా వద్దట, ఎప్పుడో ఒక ముక్క తప్ప. గడ్డీ గాదం పెట్టమన్నాడు. పొలం గట్టు మీద మొలిచేవి. గుడ్డు పెంకు దంచి పైన చల్లమన్నాడు. ఎండలో ఉంచమన్నాడు. చలి తగలనివ్వొద్దన్నాడు. తొడలో సూది వేశాడు. కంట్లో వేసే మందు ఇచ్చాడు." ఆవిడ విప్పిన తలగుడ్డ అంచు నలిపింది. "ఇన్నేళ్లు ఈ తిండితో ఎలా బతికాడో నాకు అంతుపట్టడం లేదన్నాడు. పోయిన ఏడు ఏమైనా మారిందా అని అడిగాడు. ఏం మారలేదు అన్నాను. పోయిన ఏడంతా నా కొడుకు మంచంలో ఉన్నాడు, ఇంకేం మారలేదు అన్నాను."

"మళ్లీ ఎప్పుడు రమ్మన్నాడు?"

"వచ్చే బుధవారం. అప్పటికి తినడం మొదలుపెడితే తీసుకురమ్మన్నాడు. లేకపోతే..." ఆవిడ మర్జాన్ వీపు మీద చెయ్యి వేసింది. "లేకపోతే తీసుకురానక్కర్లేదన్నాడు."

*

మర్నాడు ఆవిడ బజారులో దొరికే అతి ఖరీదైన సలాడు ఆకు తెచ్చింది. లోపల తెల్లగా, వెన్నలా ఉంది. నేను కంటి మందు వేసి, కళ్లు తుడిచి, మూతి దగ్గర పెట్టాను. మర్జాన్ తల లోపలికి లాక్కున్నాడు.

"దీంట్లో నీళ్లు తప్ప ఏం లేదు లల్లా. ముదురు ఆకు కావాలి. అడవిది."

"ఎవరు తేవాలి?"

పేర్లు చెప్పి అడిగితే అమ్మేవాళ్లు ఎవరూ లేరు. ఏ ఆకు ఏదో తెలిసింది ఇంట్లో నా ఒక్కదానికే. నేను తెల్లబట్టల్లో ఉన్నాను.

"చెప్పు" అంది చివరికి. "ఎలా ఉంటుందో చెప్పు."

"నేలకి అతుక్కుని చక్రంలా పరుచుకుంటుంది. ఆకు అంచులు రంపం పళ్లలా ఉంటాయి. పసుపు పువ్వు. కాడ తుంచితే పాలు కారతాయి."

"డెబ్బై ఏళ్లదాన్ని. కోట బయట నడుం వంచి గడ్డి పీకాలా నేను?"

"నేను వెళ్లలేను కదా లల్లా."

ఆవిడ నా తెల్లబట్టలకేసి చూసింది. బుట్ట తీసుకుని వెళ్లింది.

సాయంత్రానికి బుట్ట నిండా తెచ్చింది. చెప్పుల నిండా మట్టి, మొహం మీద చెమట. కానీ గొప్పగా ఉంది నడక. బుట్ట నా ముందు వంచింది. నిటారు కాడలు, సన్నటి ఆకులు, చివర పచ్చటి పసుపు గుత్తులు. ఒక కాడ తుంచి చూపించింది. "చూడు, పాలు! ఎలా కారుతున్నాయో చూడు!" అంటూ ఆ కాడని మర్జాన్ మూతి దగ్గరికి తీసుకువెళ్లింది.

నేను ఆవిడ చెయ్యి పట్టి వెనక్కి లాగాను. "వద్దు! విషం అది! ముందు చేతులు కడుక్కోండి, కళ్లు ముట్టుకోవద్దు!"

పద్నాలుగేళ్లలో ఆవిడ మీద నా గొంతు లేవడం అదే మొదటిసారి. తొట్టె దగ్గరికి ఈడ్చుకువెళ్లి సబ్బుతో ఆ చేతులు తోమాను. అప్పటికే వేళ్ల సందుల్లో ఎర్రగా పొంగింది.

"పాలు కారాలన్నావుగా!"

"పాలు కారేవి చాలా ఉంటాయి లల్లా. ఇది పులిపిర్లకి పూసే పాలు."

"మరి ఆ ముక్క ముందు చెప్పాలా వద్దా?"

"రంపం పళ్ల ఆకు అని చెప్పాను కదా."

"నాకు రంపం తెలుసు, ఆకులో రంపం ఎక్కడ కనబడుతుందో తెలియదు! ఒక్క ఆకు చూపించు. ఒక్కటి. కంటితో చూస్తే చచ్చినా మర్చిపోను."

చూపించడానికి ఇంట్లో ఒక్క ఆకు లేదు. ఆలివ్ నూనె రాసిన వేళ్లు ఒళ్లో పెట్టుకుని ఆవిడ తొట్టె గట్టు మీద కూర్చుంది. 

"వాడి వస్తువు ప్రాణంతో ఉన్నది ఇదొక్కటే. దాన్ని నా చేతులతో నేనే..."



*

ఆ సాయంత్రం గాలి చల్లగా తిరిగింది. చలి తగలనివ్వొద్దన్న మాట గుర్తొచ్చి, వెచ్చటి గుడ్డ ఏదైనా ఉంటే చూడమన్నాను. లల్లా వెళ్లి మేకుకి తగిలించి ఉన్న థామి పాత ఉన్ని జలాబా తెచ్చింది. పనికి వేసుకువెళ్లే గోధుమరంగుది. మంచం పట్టిన రోజు విప్పి తగిలించాడు, ఏడాదిగా అలాగే ఉంది. తోలు వాసన, జిగురు వాసన పోకుండా ఉంటుందని నేనే ఉతకలేదు.

మర్జాన్‌కి చుట్టడానికి ఆవిడ దాన్ని మడతపెడుతూ ఒకసారి దులిపింది. వెనక టోపీ తిరగబడి, లోపల ఉన్నది గచ్చు మీద రాలింది. మగవాళ్లు ఆ టోపీలో ఏదైనా వేసుకుంటారు. రొట్టె ముక్క, పొగాకు పొట్లం, పిల్లలకి మిఠాయి.

రాలినవి ఎండిన ఆకులు.

ఇద్దరం వంగి చూశాం. చాలా వరకు పొడి అయిపోయాయి. కొన్ని నిలిచాయి. కంచరగాడిదల మేతలో ఉండే మూడాకుల గడ్డి. ముళ్లాకు ముక్క. నలిగిపోయిన పసుపు పువ్వు ఒకటి. అంచుల వెంట రంపం పళ్లున్న పొడుగాటి ఆకు ఒకటి.

లల్లా దాన్ని రెండు వేళ్లతో ఎత్తింది.

"ఇదేనా?"

"ఇదే."

మర్జాన్ దుప్పటి కోసం ఆగి ఉన్నాడు. మేం ఇద్దరం వాడి సంగతే మర్చిపోయాం. నాకు గుర్తొచ్చింది: సాయంత్రాలు థామి ఇంటికి రాగానే మెట్ల మీదికి వెళ్లకుండా ముందు బొగ్గుల గది వైపు వెళ్లేవాడు. చేతులు కడుక్కోవడానికి అనుకునేదాన్ని. టోపీలో చెత్త ఉందని ఉతికేటప్పుడు నేనే ఎన్నిసార్లు విసుక్కున్నానో.

"నువ్వు ఆ రోజు చెప్పినప్పుడు వాడు ఇక్కడే కూర్చున్నాడు" అంది లల్లా. "టీ తాగుతూ."

"అవును."

"నాకు చెప్పలేదు."

"నాకూ చెప్పలేదు లల్లా."

ఆవిడ గచ్చు మీద మోకాళ్లూని ఒక్కొక్క ముక్కా ఏరింది. పొడిని కూడా అరచేత్తో కూడదీసింది. అన్నీ రుమాలులో కట్టి రొమ్ము దగ్గర దోపుకుంది.

తెల్లారగానే ఆ రుమాలుతో కోట బయటికి వెళ్లింది. ఎండెక్కాక తిరిగి వచ్చింది. బుట్టలో సగానికి పైగా మంచివే. మిగతావి నేను ఏరి పారేశాను. ఏది ఎందుకు పారేశానో ప్రతిదానికీ అడిగింది.

మర్జాన్ ఆ రోజు తినలేదు. మర్నాడూ తినలేదు. ఉదయం పూట వెడల్పాటి పళ్లెంలో గడ్డం దాకా వచ్చే గోరువెచ్చటి నీళ్లలో కూర్చోబెట్టాను. నీళ్లు తాగాడు. మెడ కింద గుటకలు కనబడ్డాయి. డాబా మీదికి తీసుకువెళ్లి ఎండలో పెట్టాను. ఆదివారం ఎడమ కన్ను సగం తెరుచుకుంది. సోమవారం రెండూ. బుధవారానికి ఇంక ఒక్క రోజే ఉంది.

మంగళవారం లల్లా కిందికి వెళ్లి థామి పసుపు చెప్పులు రెండూ డాబా మీదికి తెచ్చింది. నెల రోజులకి పైగా ముట్టనివాటిని ముట్టుకుంది. ఒక చెప్పు మర్జాన్ ముందు పెట్టి, దాని ముక్కు మీద కోసుకొచ్చిన పసుపు పువ్వులు నాలుగు పేర్చింది. 

మర్జాన్ చాలాసేపు చూశాడు. పక్క డాబా మీద ఎవరో తివాచీ దులుపుతున్నారు. వాడు మెడ సాచాడు. నోరు తెరిచాడు. చెప్పుని కొరుకుతాడనుకున్నాను. పువ్వుని కొరికాడు. నమిలే చప్పుడు విన్నాం. రెండోది కొరికాడు. మూడోదానికి ఒక అడుగు ముందుకి వేశాడు.

లల్లా తలగుడ్డతో ముక్కు తుడుచుకుని, "గుడ్డు పెంకులు ఎక్కడ పెట్టావు?" అంది. కాసేపటికి కింద నుంచి ఇత్తడి రోట్లో ఆవిడ దంచుతున్న మోత డాబా దాకా వినబడింది.

బుధవారం రొట్టెల పలక మళ్లీ సత్రానికి వెళ్లింది.

*

శుక్రవారం కుస్‌కుస్ వండాను. చేతులు మళ్లీ ముగ్గురికీ పోశాయి. పళ్లెం మధ్యలో పెట్టాం. లల్లా గరిటె తీసుకుంది, నీలం గిన్నె దగ్గరికి లాక్కుంది. మర్జాన్ వాకిట్లో ముళ్లాకు కొరుకుతూ తల ఎత్తి ఇటే చూస్తున్నాడు. వాడికి ఆ వాసన తెలుసు.

ఆవిడ గరిటె పక్కన పెట్టింది. పళ్లెం అంచు పట్టుకుని నెమ్మదిగా తిప్పింది. థామి వైపు వచ్చి ఆవిడ ముందు ఆగింది.

"బిస్మిల్లా" అని తినడం మొదలుపెట్టింది. చివరి మెతుకు దాకా తింది. మాంసం ముక్క రెండుగా తుంచి సగం నా వైపు పెట్టింది. ఏడ్చిందో లేదో నేను చూడలేదు. నా వైపున్నదాన్ని చూస్తూ తిన్నాను.

ఆ తర్వాతి వారాలు ఎలా గడిచాయో ఇప్పుడు తలుచుకుంటే పచ్చటి వాసనే గుర్తొస్తుంది. రోజూ తెల్లారి ఆవిడ వెళ్లేది. ఎండ ముదిరేలోగా వచ్చి బుట్ట వాకిట్లో వంచేది. నేను ఒక్కొక్కటీ ఎత్తి చూపించి అడిగేదాన్ని, ఆవిడ చెప్పేది.

"ఇది?"

"గాడిద చెవి. నరాలు నిలువుగా ఉన్నవి. పెట్టొచ్చు."

"ఇది?"

"బకూలా. గుండ్రటి ఆకు. మీ కొండోళ్ల కూర."

"ఇది?"

"అది... ఆగు, చెప్పకు. మూడాకులు. పెట్టొచ్చు, కానీ కొంచెమే. పొట్ట ఉబ్బుతుంది."

"ఇది?"

"దాన్ని నా ముందు పెట్టకే, నా వేళ్లు ఇంకా మానలేదు!"

ఊరు ఊరుకుంటుందా? కొడుకు పోయాక లల్లా బతూల్ ఇంట్లో మేత ఉడకబెట్టుకుంటున్నారని అన్నారు. పక్క డాబా షమా బట్టలు ఆరేస్తూ ఒక రోజు అడిగేసింది.

"రోజూ బుట్టెడు గడ్డి వస్తోంది, కంచరగాడిదని కొన్నారా లల్లా?"

"కొనలేదు షమా. నీ మొగుడు ఖాళీగా ఉంటే పంపు, వాడికీ కాస్త వేస్తాను."

షమా పడీపడీ నవ్వింది. నేను పక్కకి తిరిగాను. తెల్లబట్టల్లో నవ్వొచ్చో లేదో నాకు తెలియదు. లల్లా నా భుజం మీద ఒకటి చరిచి, "నవ్వవే, నా కొడుకేం వద్దనడు" అంది.

ఒక మధ్యాహ్నం మర్జాన్‌కి పెట్టగా బకూలా మిగిలింది. మా అమ్మ వండినట్టు వెల్లుల్లి వేసి, ఊరవేసిన నిమ్మకాయ, ఆలివ్ కాయలు వేసి వండాను. లల్లా రొట్టె ముక్కతో అంచు నుంచి కొంచెం తీసుకుంది. ఆలోచించింది. మళ్లీ తీసుకుంది. "ఉప్పు తక్కువ" అని గిన్నె తన వైపు లాక్కుంది.

*

వేసవి మొదట్లో నా గడువు తీరింది. వీధిలోని స్నానశాలకి వెళ్లి వచ్చి, తెల్లబట్టలు విప్పి, ఆకుపచ్చ జలాబా వేసుకున్నాను. మా అన్న హమ్ము కొండ మీద నుంచి కంచరగాడిదతో వచ్చాడు. పిల్లాజెల్లా లేని ఆడదాన్ని గడువు తీరాక పుట్టింటివాళ్లు తీసుకుపోవడం మామూలే. ఎవరూ అడగలేదు, ఎవరూ చెప్పలేదు. నేను ముందు రోజే నా మూట కట్టుకున్నాను. లల్లా ఆ మూట పక్క నుంచి నాలుగైదు సార్లు నడిచింది, చూడనట్టే.

అన్నకి టీ ఆవిడే పోసింది. ఎత్తు నుంచి, నురగ వచ్చేలా. అన్న గ్లాసు అందుకుని, "మా చెల్లెల్ని ఇన్నేళ్లు చూసుకున్నారు లల్లా, అల్లా మీకు మేలు చేస్తాడు. ఎండెక్కకుండా బయలుదేరతాం" అన్నాడు.

"ఏం హమ్మూ, మీ కొండ మీద ఆకులు ఎండిపోయాయా?" అంది ఆవిడ.

అన్న తికమకపడ్డాడు. "ఎండాకాలం కదా లల్లా. అన్నీ ఎండిపోయాయి."

"ఇక్కడా అంతే. గోడ వెంట బకూలా అయిపోయింది. పసుపు పువ్వు అయిపోయింది. ఇప్పుడింక నాగజెముడు పెట్టాలట. మంట మీద ముళ్లు కాల్చి, గీరి, ముక్కలు కోసి పెట్టాలట. మళ్లీ ఎక్కువ పెట్టకూడదట." ఆవిడ రెండో గ్లాసు పోసింది. "అదింకా నాకు నేర్పలేదు నీ చెల్లెలు."

అన్న నన్ను చూశాడు. నేను మర్జాన్‌ని చూశాను. వాడు అన్న కాళ్ల దగ్గరికి వచ్చి, బొటనవేలు కొరకొచ్చో లేదో ఆలోచిస్తున్నాడు.

"శరదృతువులో వానలు పడ్డాక ఏవి మొలుస్తాయో కూడా నాకు తెలియదు" అంది లల్లా, ఎవరితోనూ కాకుండా. "చలికాలం పడుకునే ముందు ఎన్ని రోజులు పస్తుంచాలో తెలియదు. చెప్పనే లేదు."

అన్న మర్యాదకి తాగే మూడు గ్లాసులూ తాగాడు. లేచి, తలపాగా సర్దుకుని, "కంచరగాడిద ఖాళీగా పోతుంది, కొండకి ఏమైనా పంపాలా?" అని అడిగాడు.

లల్లా నా మూట దగ్గరికి వెళ్లి, ముడి విప్పింది. అందులోంచి నేను దాచుకున్న చక్కెర దిమ్మ తీసి అన్న చేతిలో పెట్టింది. "మీ ఆవిడకివ్వు."

మరుసటి తెల్లవారుజామున ఇద్దరం కలిసి కోట బయటికి వెళ్లాం. నాగజెముడు కంచె దగ్గర కత్తి నా చేతిలో, బుట్ట ఆవిడ చేతిలో. "నీకంటే ముందు నాకే తెలుసు ఇక్కడ దారులన్నీ" అంటూ ముందు నడిచింది.

*

లల్లా బతూల్ ఆ తర్వాత పదకొండేళ్లు బతికింది. ఆవిడ పోయాక ఇల్లు మరీ ఖాళీగా ఉండి, మసీదులో ఆడవాళ్లకి చెప్పే చదువుకి వెళ్లడం మొదలుపెట్టాను. అప్పటికి నాకు యాభై దాటాయి. అక్షరాలన్నీ వచ్చాక టీచరమ్మ, మీకు తోచిన వాక్యం మీరే రాయండి అంది. అందరూ తమ పేరు రాశారు, పిల్లల పేర్లు రాశారు. నేను 'మర్జాన్‌కి రొట్టె పెట్టకూడదు' అని రాశాను.

టీచరమ్మ చదివి, "అయ్యో, మీ ఆయనకి చక్కెర జబ్బా తల్లీ?" అని అడిగింది.

మర్జాన్ ఇప్పుడు డాబా మీద ఎండలో ఉన్నాడు. పెంకు రాయిలా ఉంది. నా తర్వాత కూడా ఉంటాడు. అందుకే వాడిని చూసుకోబోయేవాళ్లకి తెలియాలని బొగ్గుల గది తలుపు లోపలి వైపు ఒక కాగితం అంటించాను. ఏ ఆకు ఎప్పుడో, ఎంతో రాశాను. పాలు వద్దని, మాంసం వద్దని రాశాను. రంపం ఆకు ఒకటి ఎండబెట్టి పక్కనే అతికించాను, మాటల్లో చెబితే తెలియదు కనుక. అన్నిటికంటే కింద, చోటు చాలక చిన్న అక్షరాల్లో, ఇలా ఉంటుంది:

శుక్రవారం కుస్‌కుస్ పళ్లెం దగ్గరికి వస్తాడు. అడిగినట్టే చూస్తాడు. పెట్టకండి. ఆ వాటా లల్లా తినేసింది.